మోటారు కాలుటయు, తీగ తెగుటయు: రైతులు తెలిసికొనవలసిన సంగతి

మన కర్నూలు, కడప మండలములలో కాలువ క్రింది భూమి కొంచెము; మెట్ట యెక్కువ. కర్నూలు-కడప కాలువ క్రింద వరి పండించుకొను అదృష్టవంతులను విడిచినచో, తక్కిన రైతు బావిని, బోరును నమ్ముకొని బ్రదుకవలసినవాడు. బోరును నమ్ముకొనుట యనగా కరెంటును నమ్ముకొనుటయే. పులివెందుల ప్రాంతమున చీనీతోట పెంచిన రైతునడిగిన, ఎండకాలమున పదిదినములు మోటారు నిలిచిన నెంత నష్టమో చెప్పగలడు. వేరుసెనగ పోయిన వచ్చు ఏడు మరల విత్తుకొనవచ్చును. చెట్టు పోయినచో దానితోగూడ ఏండ్లు పోయినవి.

బోరుమోటారు కాలిన నష్టము తీగ చుట్టించు కూలితో తీరునది గాదు. వందల అడుగుల లోతునుండి గొట్టముల నొక్కొక్కటిగ పైకి దీయవలయును. అందులకు మనుష్యులు, కప్పీ కావలయును. మోటారును పట్టణమునకు గొనిపోయి రివైండింగు చేయించి తెచ్చి మరల దింపవలయును. ఆ దినములన్నియు పైరు నోరు తెరచుకొని యుండును. ఇది యొక ఆపద. రెండవది దీనికన్న ఘోరమైనది. గాలివానకో, పాతబడిన జాయింటు వదలియో పదునొకండువేల వోల్టుల తీగ తెగి చేనిలో పడును. తెల్లవారుజామున నీరు కట్టబోయిన రైతు చీకటిలో దానిని త్రొక్కును. ఎద్దు ముందు పడిన, దానిని లేపబోయిన వాడును పడును. ఇట్టి వార్తలు రాని వర్షకాలము మన సీమలో లేదు.

ఈ రెండు ఆపదలను పసిగట్టుటకు యంత్రములు గలవు. వానిని రిలేలందురు. రైతు కొట్టములోని స్టార్టరు ప్రక్క చిన్నపెట్టెగా నొకటి యుండును. సబ్‌స్టేషనులోని బీరువాలో పెద్దది యుండును. ఈ రెంటికిని నేర్పిన విద్య యొకటే. అది నూరేండ్లకు పైబడినది. దాని సారము సామాన్య రైతునకు బోధపడనంత కఠినమైనది గాదని నా యభిప్రాయము. అది బోధపడినచో విద్యుత్ సంస్థవారిని మనమేమి యడుగవలయునో, మన కొట్టములలో మనమేమి మానవలయునో స్పష్టమగును. ఇంజినీర్ల విషయములలో మనకేల యను మాట సహకార సంఘ సభ్యుల నోట రాదగినది గాదు. విత్తనము మొలకశాతము నడుగు రైతు కరెంటు గుణమును మాత్రమేల యడుగరాదు?

మోటారుకు వచ్చు మూడు తీగలలోను ప్రవాహము ఒకేమారు పొంగదు. ఒకదాని తరువాత నొకటి, చుట్టులో మూడవవంతు ఎడముగా, క్షణమునకు 50 మారులు పొంగి తగ్గుచుండును. గానుగ చుట్టును సమానదూరమున మూడుజతల యెడ్లను కట్టితిమని యూహింపుడు. మూడు జతలును సమానముగ లాగినచో రోలు నిలుకడగ తిరుగును. ఒక జత సొమ్మసిల్లినచో నేమగును? బలము మూడవవంతు తగ్గునని పైకి తోచును. కాని నిజముగ జరుగునది వేరు. లాగుడు ఎగుడుదిగుడై కుదుపులు పుట్టును; ఇరుసు ఒరుసుకొని వేడెక్కును. ఈ కుదుపును లెక్కగట్టుట యెట్లు?

దీనికి మార్గము కనిపెట్టినవాడు చార్లెస్ ఫోర్టెస్క్యూ అను ఇంజినీరు. ఈయన 1876లో కెనడా దేశమున, హడ్సను అఖాతపు టొడ్డున నున్న యార్క్ ఫ్యాక్టరీ యను వర్తకస్థావరమున జన్మించెను. పిదప అమెరికాలోని వెస్టింగ్‌హౌస్ కంపెనీలో పనిచేసెను. 1913లో సమత తప్పిన మోటారు ఎట్లు నడచునో లెక్కవేయబూని, ఆ లెక్కనుండి సర్వత్ర వర్తించు సూత్రమొకటి సాధించి 1918లో అమెరికా విద్యుత్ ఇంజినీర్ల సభ యెదుట చదివెను. మన కొట్టములోని సమస్యయే ఆ మహాసూత్రమునకు బీజమగుట గమనింపదగినది.

ఆ సూత్రము మన సంఘపు చిట్టా వ్రాయు పద్ధతి వంటిది. సభ్యుడొకడు 5,000 రూపాయలు చెల్లించెననుకొందము. పెట్టెలో పడినది ఒకే మొత్తము. గుమాస్తా దానిని అసలు కింత, వడ్డీ కింత, అపరాధపు వడ్డీ కింత అని మూడు కలములలో వ్రాయును. పెట్టె తెరచి చూచిన ఆ మూడును వేరువేరుగ కనబడవు. అయినను సభ్యుని స్థితి తెలియునది ఆ కలములవలననే. అట్లే మూడు తీగలయందలి ప్రవాహము లెంత వంకరగ నున్నను వానిని మూడు కలములుగ విడదీయవచ్చునని ఫోర్టెస్క్యూ చూపెను. మొదటిది సరియైన దిక్కున సమానముగ తిరుగు భాగము, దీనిని అనులోమమందము. రెండవది అంతే సమానమై యెదురు దిక్కున తిరుగు భాగము, ఇది విలోమము. మూడవది తిరుగనే తిరుగదు. మూడు తీగలలోను ఒకేమారు పొంగి ఒకేమారు తగ్గును, ఇది శూన్యక్రమము. ఇంజినీర్లు వీనినే పాజిటివ్, నెగటివ్, జీరో సీక్వెన్సులని పిలుతురు.

విడదీయు పని రిలే యెట్లు చేయునందురా? మూడు తీగల ప్రవాహములను ఉన్నవి యున్నట్లు కూడి మూడింట భాగించిన వచ్చునది శూన్యక్రమము. రెండవదానిని మూడవవంతు చుట్టు ముందునకును, మూడవదానిని అంతే వెనుకకును జరిపి కూడి మూడింట భాగించిన వచ్చునది అనులోమము. జరుపుటలో ముందు వెనుకలను తారుమారు చేసిన విలోమము వచ్చును. పాతరిలేలలో ఈ జరుపుటను తీగచుట్టలును నిరోధకములును చేసెడివి. ఇప్పటి రిలేలో చిన్న గణనయంత్రమే కూడిక వేసికొనును.

ఆరోగ్యముగ నున్న లైనులో ఉండవలసినది అనులోమమొక్కటే. విలోమము కనబడినదన్న సమత చెడినదని యర్థము. శూన్యక్రమమునకు మరియొక గుణము గలదు. మూడు తీగలలోను ఒకేమారు వచ్చు ప్రవాహము మరలిపోవుటకు ఆ తీగలలో చోటులేదు. నాల్గవ దారి కావలయును. అది న్యూట్రలు తీగ గావచ్చును, భూమి గావచ్చును. సమత తప్పినను దుష్టప్రవాహము మట్టిలోనికి పారనిచో విలోమమే కనబడును. మట్టిలోనికి పారినచో శూన్యక్రమమును కనబడును. వైద్యుడు జ్వరములో భేదము పట్టినట్లు రిలే వీనివలన భేదము పట్టును.

ముందుగ మన కొట్టమునకు వత్తము. పది ఆంపియర్లు తీసికొను మోటారు నడచుచుండగ ఒక ఫేజు పోయినది. నీరెత్తు భారము తగ్గలేదు గావున మిగిలిన రెండు తీగలలో ప్రవాహము సుమారు 17 ఆంపియర్లకు పెరుగును. దీనిని కలములలో వేసిన అనులోమము 10, విలోమము 10, శూన్యము లేదు. అనగా పనిచేయు పదికి తోడు, వెనుకకు లాగు పది క్రొత్తగ వచ్చి చేరినది. ఈ విలోమము పుట్టించు అయస్కాంత క్షేత్రము రోటరునకు ఎదురుగ తిరుగును. మామూలుగ రోటరులో ప్రవాహము క్షణమునకు రెండుమూడు మారులు మాత్రము దిశ మార్చును. ఎదురుక్షేత్రము వలన కలుగు ప్రవాహము క్షణమునకు నూరుమారులకు దగ్గరగ మార్చును. అంత వేగముగ మారు ప్రవాహము కడ్డీల పైపొరలలోనే క్రిక్కిరిసి పారును. ఇరుకుదారిలో పారినందున వేడి హెచ్చును. మోటారు కాలుటలోని రహస్యమిదియే.

నిలిచియున్న మోటారుకు ఒక ఫేజు లేనపుడు మీట నొక్కితిరేని ముందు త్రోపును వెనుక త్రోపును సరిసమానమగును. అది గుర్రుమని మూలుగునే గాని కదలదు. ఆ మూలుగుడు వినని రైతు లేడు. ఆ మూలుగుడులోనే చుట్ట మాడిపోవును.

స్టార్టరులో ఓవర్‌లోడు ఉన్నది గదా యని కొందరందురు. అది మొత్తము ప్రవాహమును మాత్రమెరుగును, కలములను ఎరుగదు. బోరులో నీరు తగ్గి మోటారు ఆరు ఆంపియర్లే తీసికొనుచున్న సమయమున ఫేజు పోయెననుకొనుడు. తక్కిన తీగలలో సుమారు 10 ఆంపియర్లకు పెరుగును. పది యనగా దాని సహజ పరిమితియే గావున ఓవర్‌లోడు కదలదు. లోపల విలోమము ఆరు ఆంపియర్లతో రోటరును కాల్చుచునే యుండును. కావుననే సింగిల్ ఫేజు ప్రివెంటరను వేరు రిలే యవసరమైనది.

ప్రివెంటరులలోను తరగతులు గలవు. ఫేజులో వోల్టేజి యున్నదా లేదా యని మాత్రము చూచునది చౌక. కాని నడచుచున్న మోటారు తెగిన ఫేజులో తానే కొంత వోల్టేజి పుట్టించును. తీగ తెగినను పెట్టెకు అది తెగనట్లే కనబడి మోసపోవును. వోల్టేజిలోని విలోమభాగమును కొలుచునది దీనికన్న మేలు. ప్రవాహములోని విలోమమును కొలుచునది అన్నిటికన్న మేలు, ఏలయనగా పెట్టెకును మోటారుకును నడుమ, కేబులులోనే తెగినను అది పట్టును. లైనుపని చేసినపిదప రెండు తీగలు మారి మోటారు వెనుకకు తిరుగుటయు మనకు తెలిసినదే. నీరు తగ్గును, కారణము తోచదు. అప్పుడు అనులోమమంతయు విలోమమైపోవును గావున వోల్టేజి విలోమము కొలుచు పెట్టె మోటారును తిరుగనే తిరుగనీయదు. కొనునపుడు దుకాణదారుని ఈ ప్రశ్న యడుగుడు. పెట్టె రంగును, గ్యారంటీని మాత్రము చూచి కొనకుడు.

ఫేజు పూర్తిగ పోకున్నను వోల్టేజి అసమానమైన చాలును. మీ యూరి లైన్‌మనును మీటరు తెమ్మని మూడు జతల తీగల నడుమ కొలిపింపుడు. 415, 405, 380 వచ్చెననుకొనుడు. సరాసరి 400; అన్నిటికన్న దూరమున నున్నది 380, తేడా 20; అనగా నూటికి 5 వంతుల అసమత. వినుటకు స్వల్పము. కాని వోల్టేజిలోని అసమత కన్న ప్రవాహములోని అసమత ఆరునుండి పదిరెట్లు వరకు ఉండును. నూటికి 3.5 వంతుల అసమతకే మోటారు వేడి సుమారు నాల్గవవంతు హెచ్చునని ఇంజినీర్ల వాడుక లెక్క. నూటికి 5 దాటినచో మోటారును నడుపరాదని అమెరికా మోటారు తయారీదారుల సంఘము హెచ్చరించినది. ఊరి యిండ్లన్నియు ఒకే ఫేజునకు తగిలించిన చోట్ల ఈ వ్యాధి తప్పక యుండును.

ఇంత మేలుచేయు పెట్టెను మనవారే వంచించుట చూచిన విచారము కలుగును. మాటిమాటికి ఆపుచున్నదని దాని చివరలు రెంటిని తీగముక్కతో కలిపివేయుదురు. కరెంటు వచ్చినంతనే తనంతట కదలు ఆటోస్టార్టరు నొకటి బిగించి యింటికి పోయి పండుకొందురు. రాత్రివేళ కరెంటు ఇచ్చిన దినములలో పాముల నడుమ పొలమునకు పోలేని రైతును నేను నిందింపను. కాని పెట్టె మాటిమాటికి ఆపుచున్నదన్న లైనులో విలోమమున్నదని అది మొఱపెట్టుచున్నదన్నమాట. మొఱ వినక నోరు కట్టిన ఫలము బోరులోని మోటారు అనుభవించును. ట్రాన్స్ఫార్మరు వద్ద ఫ్యూజు తీగకు మారుగ అల్యూమినియపు పోగులు చుట్టుటయు ఇట్టిదే. పొలములోని చిన్న ట్రాన్స్ఫార్మరుకు పైప్రక్క చుట్టలు త్రికోణముగ కట్టబడియుండును. ఆ త్రికోణమును శూన్యక్రమము దాటి పైకి పోలేదు. తక్కువ వోల్టేజి తీగ భూమికి తగిలినపుడు సబ్‌స్టేషనులోని భూదోషపు రిలేకు ఆ సంగతి తెలియు దారియే లేదు. అక్కడ కాపలాదారు ఆ ఫ్యూజొక్కటే. దానిని మనమే చంపి, కాపలా లేదని యెవరిపై మొఱపెట్టగలము?

కొట్టములో దీపమునకు న్యూట్రలు లేదని భూమిలో ఇనుపకడ్డీ పాతి ఒక ఫేజుతో వెలిగించు అలవాటు గూడ గలదు. వేసవిలో మన ఎఱ్ఱనేల యెండిన ఆ కడ్డీ చుట్టును వోల్టేజి నిలిచియుండును. పిల్లవాడు దానిని పట్టుకొన్న తరువాత చెప్పవలసినదేమియు నుండదు.

ఇక తెగిపడిన పదునొకండువేల వోల్టుల తీగ సంగతి. ఈ వ్యాసము వ్రాయుటకు ముఖ్యకారణమదియే.

మన 33/11 సబ్‌స్టేషనులలో చిరకాలముగ నున్న యేర్పాటు ఇట్టిది: రెండు రిలేలు అధిక ప్రవాహమును, ఒకటి భూమిలోనికి పారు ప్రవాహమును, అనగా మూడు తీగల కూడికను, చూచును. మూడవది శూన్యక్రమపు రిలేయే. అది కదలుటకు ఒక పరిమితి పెట్టవలయును. 200 ఆంపియర్ల ఫీడరుపై నూటికి 20 పెట్టిన 40 ఆంపియర్లగును. మిగుల తగ్గించిన మామూలు హెచ్చుతగ్గులకే లైను పడిపోవుచుండును. ఇప్పుడు తీగ తెగి నేలపై బడినది. ఎంత ప్రవాహము భూమిలోనికి పోవును? అమెరికాలో ఇంచుమించు ఇదే వోల్టేజి లైనులపై పరీక్షించి చెప్పిన సంఖ్యలు గలవు. ఇనుపకడ్డీలున్న కాంక్రీటుపై 75 ఆంపియర్లు, తడిపచ్చికపై 50, పొడిపచ్చికపై 25, తడియిసుకపై 15, పొడియిసుకపై సున్న. డెల్టా పల్లములలో తడినేల యుండును. మనది బండ, గరుసు, ఎండిన ఎఱ్ఱమట్టి. ఈ నేలపై పడిన తీగ 40 ఆంపియర్లు పారించుట యరుదు. రిలే దృష్టిలో ఏమియు జరుగలేదు. తీగ ప్రాణముతో పడియుండును. బండనేలపై కృష్ణాతీరపు లెక్కతో కాపలా పెట్టుట యెంతమాత్రము న్యాయముగాదు.

శూన్యము కనబడని చోట విలోమము కనబడును. 90 ఆంపియర్లు పారుచున్న ఫీడరులో ఒక ఫేజు తెగినదనుకొనుడు. తెగిన చోటికి అవతల మూడవవంతు భారము, అనగా 30 ఆంపియర్లు గలవు. ఇవతలి 60 యథాప్రకారము అనులోమమే. అవతలి 30కి ఇక రెండు తీగలే గలవు గావున అది సుమారు 15 అనులోమము, 15 విలోమముగ విడిపోవును. మొత్తము అనులోమము 75, విలోమము 15. విలోమమును అనులోమముతో భాగించిన నూటికి 20. తీగ క్రింద నున్నది బండయైనను ఇసుకయైనను ఈ లెక్క మారదు, ఏలయనగా ఇది భూమిలోనికి పోవు ప్రవాహముపై నాధారపడలేదు. భారము తప్పిపోవుటపై నాధారపడినది. భారము హెచ్చినను తగ్గినను నిష్పత్తి యించుమించు నిలిచియుండును. దీనినే తెగినతీగ రక్షణ యందురు. ఇప్పటి సంఖ్యారిలేలలో పెక్కింటియందు ఈ విద్య లోపలనే యున్నది. వేరు యంత్రము కొననక్కరలేదు. ఉన్నదానిని మేలుకొలిపి తగిన సంఖ్య నియ్యవలయును.

దీనికి పరిమితులు లేవని చెప్పిన రైతులను మోసగించుటయగును. తీగ ఫీడరు కొసన తెగినచో, అవతల పదవవంతు భారమే యున్నచో, నిష్పత్తి నూటికి 5 మాత్రమగును. మామూలు దినములలోనే అంత అసమత యుండును గావున రిలే భేదము పట్టలేదు. దీనికి మందు లైను నడుమ రీక్లోజరను మీట నొకదానిని పెట్టి దానికి వేరు రిలే నమర్చుట. నడుమనుండి చూచిన కొస కొసవలె గాక సగమువలె కనబడును. మన సీమ ఫీడరులు మైళ్లకొలది సాగును. ఒక్క సబ్‌స్టేషను కన్ను అంతదూరము ఆనదు. మరియు ఈ రిలే తొందరపడరాదు. ఒక ట్రాన్స్ఫార్మరు ఫ్యూజు పోయినంతనే, స్విచ్చు ఒక బ్లేడు ముందు పడినంతనే లైను నాపరాదు. కొన్ని క్షణములు చూచి ఆపవలయును. ఆ కొన్ని క్షణములలో తీగ త్రొక్కిన వానిని ఇది రక్షింపలేదు. గంటలకొలది చీకటిలో పడియుండు తీగనుండి మాత్రము రక్షించును. మన చావులలో ఈ రెండవ రకము తక్కువది గాదు.

విద్యుత్ సంస్థ వారు చెప్పదగిన ఆక్షేపణ యొకటి గలదు, అది న్యాయమైనదే. ఒకప్పుడు వ్యవసాయమునకు నియమించిన గంటలు తీరినంతనే కావలయుననియే ఒక ఫేజు తీసివేసి, ఊరి దీపములకు మాత్రము కరెంటు విడుచుచుండిరి. అప్పుడు ఒక ఫేజు దీపము నిండుగ వెలుగగ తక్కిన రెంటి దీపములు మిణుకుమనుచుండెడివి. ఆ గంటలలో లైనంతయు విలోమమయమే. తెగినతీగ రిలే యుండిన నిత్యము ఆపవలసివచ్చును గావున దానిని నిద్రబుచ్చక తప్పలేదు. మనవారును తక్కువ తినలేదు. కెపాసిటరులు కట్టి లేని ఫేజును కల్పించుకొని మోటారులు త్రిప్పిరి. కాలినవి కాలగ మిగిలినవి తిరిగినవి. దొంగకు దొర, దొరకు దొంగ యన్నట్లు జరిగిన ఆ కాలమున రక్షణ యను మాటకే తావులేకుండెను. 2004లో ఉచిత విద్యుత్తు వచ్చినది. 2019 తరువాత పగటివేళనే 9 గంటల సరఫరా యను విధానమును ప్రభుత్వము ప్రకటించినది. వ్యవసాయ ఫీడరు వేరై, పగలు మూడు ఫేజులు వచ్చి, తక్కిన వేళ పూర్తిగ నిలిచినచో రిలేను నిద్రబుచ్చవలసిన కారణము తొలగిపోయినది. కారణము పోయినను అలవాటు మిగులుట మన దేశమున క్రొత్త గాదు. కావుననే అడుగవలయును.

రెండవ ఆక్షేపణ: రిలే ఊరక ఆపుచుండిన నీరు పారు గంటలు నష్టమగునని. ఇది మననుండి వచ్చునది. లైను పడినంతనే ఫోను చేసి లైన్‌మనును దూషించువారము మనమే. ఆ దూషణకు జడిసి ఎక్కడో తీగ పడియున్నదేమో చూడకయే మరల మీట వేయించువారము మనమే. ఒక మడికి నీరు తప్పుట నష్టమే. దానిని నేను తేలికగ చెప్పను. కాని తెగినతీగ సూచనతో లైను పడినచో, లైను నడచి చూచువరకు మీట వేయరాదను నియమమును సంఘము గట్టిగ సమర్థింపవలయును. లైను నడచుటకు మన యువకులు నలుగురు తోడైన లైన్‌మనుకు అరగంట పని.

ధర్మశాస్త్రము మన పక్షముననే యున్నది. వీధులమీదుగ పోవు తీగ తెగినచో దానిని నిరపాయకరము చేయు సాధన ముండవలెనని 1956నాటి భారత విద్యుత్ నిబంధనలలో 91వ నిబంధన విధించినది. మధ్యప్రదేశ్ విద్యుత్ బోర్డుపై వచ్చిన వ్యాజ్యమున 2002లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. వానరాత్రి దారిలో పడియున్న తీగపై సైకిలుతో పోయి ఒకడు మరణించెను. ఎవరో కరెంటు దొంగిలింపబోయి తీగ వదలిరని బోర్డు వాదించినను కోర్టు వినలేదు. ఇంత ప్రమాదకరమైన పదార్థమును నడుపువారు తమ తప్పు నిరూపింపబడకున్నను నష్టమునకు బాధ్యులేయని నిర్ణయించెను. పరిహారము ప్రాణమునకు బదులు గాదు. అయినను ఈ తీర్పు జ్ఞాపకముండిన అర్జీ వ్రాయు చేయి వణకదు.

విలోమభయము మనకే గాదు. శ్రీశైలము కుడిగట్టున 110 మెగావాట్ల యంత్రములేడు గలవు. ముద్దనూరు వద్ద రాయలసీమ తాప విద్యుత్ కేంద్రము గలదు. అట్టి పెద్ద జనరేటరులకును విలోమ ప్రవాహపు రిలేయే ప్రాణరక్ష. నీటియంత్రమునకు లెక్క యిట్టిది: విలోమ నిష్పత్తి వర్గమును క్షణములతో గుణించిన 40 దాటరాదు. పూర్తి ప్రవాహమంత విలోమము వచ్చిన 40 క్షణములు, సగము వచ్చిన 160 క్షణములు మాత్రమోర్చును. అక్కడ ఈ రిలేను ఎవరును తీగముక్కతో కలిపివేయరు.

గని, శకునాల గ్రామముల వద్ద 2017లో 1000 మెగావాట్ల సౌరక్షేత్రము వెలసినది. 2019లో ఆరంభమైన కుసుమ్ పథకము క్రింద వ్యవసాయ ఫీడరులకే చిన్న సౌరకేంద్రములను కలుపు యోచన గలదు. ఇది మేలే. కాని సౌరవిద్యుత్తును మార్చు ఇన్వర్టరు తిరుగు యంత్రము గాదు. దోషము కలిగినపుడు విలోమ ప్రవాహము నిచ్చుట దానికి స్వభావము గాదు, నేర్పినగాని యియ్యదు. విలోమమును చూచి దోషము పట్టు రిలేలకు అప్పుడు ఆధారము తగ్గును. అందుకే అమెరికా ఇంజినీర్ల సంస్థ 2022లో ప్రకటించిన ప్రమాణమున పెద్ద లైనులకు కలుపు సౌరకేంద్రములు విలోమ ప్రవాహమును గూడ నియ్యవలెనని విధించిరి. మన ఫీడరుకు సౌరకేంద్రము కలుపునాడు రిలేల సంఖ్యలు మరల చూచితిరా యని అడుగుట మఱువరాదు.

సహకార పద్ధతిలో కరెంటు పంచుట మన తెలుగువారికి క్రొత్త గాదు. సిరిసిల్లలో 1970నుండి సహకార సంఘమే ఆ పని సాగించినది. మనము లైనులు నడుపనక్కరలేదు. ఒక్క తీర్మానము చాలును. వచ్చు సర్వసభ్య సమావేశమున ప్రతి సంఘమును తమ యూరి ఫీడరు పేరు వ్రాసి దక్షిణ ప్రాంత విద్యుత్ పంపిణీ సంస్థ సహాయక ఇంజినీరుగారికి ఈ ప్రశ్నలు పంపవలెనని నా సూచన. ఈ ఫీడరు రిలేలో తెగినతీగ రక్షణ యున్నదా? ఉన్నచో మేలుకొని యున్నదా? నిష్పత్తి యెంత, ఎన్ని క్షణముల ఆలస్యము? భూదోషపు పరిమితి ఎన్ని ఆంపియర్లు, దానిని మన నేలకు తగినట్లు ఎప్పుడు సరిచూచిరి? ఉత్తరము వ్రాతమూలకముగ నుండవలయును, ప్రత్యుత్తరము గూడ నట్లే కోరవలయును. పడియున్న తీగ కనబడినచో దగ్గరకు పోక, పశువులను పోనీయక, వెంటనే 1912కు ఫోను చేయవలెనని ప్రతి యింట చెప్పవలయును.

కొట్టముల సంగతి మన చేతిలోనిదే. ఎరువులు తెప్పించునట్లే ప్రవాహములోని విలోమమును కొలుచు ప్రివెంటరులను సంఘము టోకుగ తెప్పించి, వెల వాయిదాలలో పుచ్చుకొనవచ్చును. మోటారుకు అప్పిచ్చునపుడు ప్రివెంటరు బిగించి యుండవలెనని నిబంధన పెట్టుట యుక్తము. కార్యదర్శి స్వయముగ పోయి దాని చివరలు తీగముక్కతో కలిపియున్నవో లేవో చూచి సంతకము చేయవలయును. ట్రాన్స్ఫార్మరు వద్ద ఎర్తుగుంటలో ఉప్పు, బొగ్గు వేసి వేసవిలో నీరుపోయు బాధ్యతను ఆ ట్రాన్స్ఫార్మరు క్రింది రైతులు వంతులుగ పంచుకొనవచ్చును. ఫీడరు కొసనున్న గ్రామములు మూడునాలుగు కలిసి నడుమ రీక్లోజరు కొఱకు ఉమ్మడి అర్జీ పెట్టిన, ఒక్కొక్కరు వేరుగ పెట్టుటకన్న బలముండును. ఆ అర్జీతోపాటు ఏ స్తంభమునుండి ఏ స్తంభమువరకు తీగ వ్రేలాడుచున్నదో, ఏ చోట గతమున తెగినదో పటము గీసి జతచేయుడు. ఆ సంగతి కార్యాలయములోని కాగితములకన్న పొలములో తిరుగు మనకే బాగుగ తెలియును.